తీతువు మీద పడ్డ నింద

చింతలకోన అడవిలో జింకలు, కుందేళ్ళు, అడవిపందులు, ముళ్ళపందులు, కొండముచ్చులు కలిసి బతికేవి. ఆ ఏడు ఎండలు మండిపోయాయి. వాగు ఎండిపోయింది. అడవి నడుమ ఒక్క మడుగు మాత్రం మిగిలింది. దాని మీద కూడా పచ్చటి తెట్టు కట్టింది.

మడుగు గట్టున గులకరాళ్ళ మధ్య ఒక తీతువు పిట్ట గుడ్లు పెట్టుకుంది. నీళ్ళకి ఎవరొచ్చినా గుడ్లు తొక్కేస్తారేమోనని దానికి ఒకటే భయం. అందుకే పైకి లేచి గొంతు చించుకుని అరిచేది. పాపం, తల్లి కదా!

అంతలో అడవిలో చావులు మొదలయ్యాయి. నిన్న గంతులేసిన కుందేలు ఇవాళ నురగలు కక్కుకుంటూ పడిపోయేది. ఒక దుప్పి పోయింది. ఒక నక్క పోయింది. "పోయేముందు వీళ్ళంతా తీతువు అరుపు విన్నారట" అని అడవంతా చెప్పుకున్నారు.

"ఇంకేం కావాలి? ఆ పాడు పిట్టే మన కొంప ముంచుతోంది" అన్నాడు అడవిపంది కోరయ్య. కోరయ్యకి బలం ఎక్కువ. నోరు ఇంకా ఎక్కువ. అందరూ తలలూపారు.

ఆ మాట వినగానే చుక్కమ్మ అనే జింక గుండె గుభేలుమంది. దానికి ఒక్కటే పిల్ల, బుజ్జాయి. ఇంకా కాళ్ళు కూడా గట్టిపడలేదు. బుజ్జాయికి ఏమైనా అయితే తను బతకలేననుకుంది చుక్కమ్మ.

ముసలి ముళ్ళపంది ముళ్ళవ్వ మాత్రం తల అడ్డంగా ఊపింది. "మొన్న పోయిన కుందేలు తాతకి చెవుడు. పక్కన పిడుగు పడ్డా వినపడదు. మరి ఆయనెట్లా పోయాడు? కొండముచ్చులు పొద్దస్తమానం ఆ అరుపు వింటూనే ఉన్నాయి. ఒక్కటైనా పోయిందా? అవి మడుగు నీళ్ళు ముట్టవు. కొండమీద ఊటకి పోతాయి. నాకు ఈ నీళ్ళ మీదే అనుమానం."

కోరయ్య పగలబడి నవ్వాడు. "నేను రోజూ ఆ నీళ్ళే తాగుతున్నాను. చచ్చానా?"

"వానలో తడిసిన వాళ్ళందరికీ జ్వరం రాదు నాయనా. అంతమాత్రాన జ్వరానికీ వానకీ సంబంధం లేదంటామా? తాగినవాళ్ళలో ఎక్కువమంది పోతున్నారా, తాగనివాళ్ళలోనా? అది చూడాలి. నీ ఒక్కడి సంగతి చూస్తే ఎట్లా?" అంది ముళ్ళవ్వ. "కొన్నాళ్ళు అందరం ఊటకి పోదాం. పిట్ట మానాన పిట్ట అరుస్తూనే ఉంటుంది. అప్పటికీ చావులు ఆగకపోతే దాన్ని తరమండి."

ఊటకి పోవాలంటే రాళ్ళగుట్ట ఎక్కాలి. పిట్టని తరమడం సులువు. ముళ్ళవ్వ వెంట నడిచింది కొందరే. బుజ్జాయి కాళ్ళు చూసుకుని చుక్కమ్మ కోరయ్య వెంట పోయింది.

వాళ్ళు మడుగు దగ్గరికి రాగానే తీతువు చుక్కమ్మ తల చుట్టూ తిరిగింది. "అమ్మా, నువ్వూ బిడ్డ తల్లివే కదా! వద్దమ్మా!" అని ఏడ్చింది.

గుడ్లు పోతే పిట్టా పోతుందని చుక్కమ్మ కళ్ళు మూసుకుని కాలు గట్టిగా వేసింది. గిట్ట కింద గుడ్లు చిట్లాయి. తీతువు ఒక్కసారి అరిచి ఎటో ఎగిరిపోయింది. మడుగు గట్టు నిశ్శబ్దంగా మారింది. అందరూ హమ్మయ్య అనుకున్నారు.

"ఇంక భయం లేదురా తండ్రీ. కడుపునిండా తాగు" అంది చుక్కమ్మ. బుజ్జాయి ఆత్రంగా తాగింది.

మర్నాడు బుజ్జాయి లేవలేదు. మూతి చుట్టూ నురగ. చుక్కమ్మ నాకింది, ముక్కుతో నెట్టింది, పేరు పెట్టి పిలిచింది. మధ్యాహ్నానికి ఆ చిన్న ఒళ్ళు చల్లబడింది.

కోరయ్య పరామర్శకి వచ్చాడు. "ఎక్కడో దూరాన ఆ పిట్ట అరిచే ఉంటుంది" అన్నాడు.

"అరవలేదు మామా" అంది చుక్కమ్మ. "నేను చెవులు రిక్కించుకునే ఉన్నాను. ఏ అరుపూ లేదు. నా బిడ్డ ఆ నీళ్ళు తాగింది. నేనే తాగించాను."

కోరయ్య మాత్రం మాట మార్చుకోలేదు. "నాకేం కాలేదే!" అంటూ రోజూ మడుగుకే పోయాడు. ఒకరోజు బురదలో మూతి పెట్టి పడి ఉన్నాడు. మళ్ళీ లేవలేదు.

చుక్కమ్మ ఒంటరిగా రాళ్ళగుట్ట ఎక్కింది. ఊట దగ్గర ముళ్ళవ్వ, దాని వెంట వచ్చినవాళ్ళు, వాళ్ళ పిల్లలు అందరూ క్షేమంగా ఉన్నారు. తీతువు కూడా అక్కడే ఉంది. రాళ్ళ మధ్య మళ్ళీ గుడ్లు పెట్టుకుంది. చుక్కమ్మని చూడగానే లేచి గొంతు చించుకుని అరిచింది.

"భయపడకు, అరుపే కదా, రా" అంది ముళ్ళవ్వ.

"అరుపుకి కాదు అవ్వా. నన్ను చూస్తే అది అరవక ఏం చేస్తుంది?" అంది చుక్కమ్మ. దాహంతో నాలుక పిడచకట్టుకుపోతున్నా, అడుగు అడుగూ చూసుకుంటూ ఆ గుడ్లకి దూరంగా చుట్టూ తిరిగి నీళ్ళ దగ్గరికి పోయింది. ఆ తర్వాత రోజూ అట్లాగే పోయేది. తీతువు రోజూ అరిచేది.

నీతి: కీడుకి ముందు కనపడిందల్లా కీడుకి కారణం కాదు, ఒకరు తప్పించుకున్నంత మాత్రాన అసలు కారణం లేకుండా పోదు. పరీక్షించి చూడకుండా నింద వేస్తే నిందపడ్డవాళ్ళతో పాటు మనమూ నష్టపోతాం.