అక్క చేను మీద దావా

ప్లీడరు అవధాని గారు ఫీజు ఇచ్చిన వాళ్ళకు సూటిగా సలహా చెప్పేవారు. శిష్యులం అడిగితే మాత్రం ఏదో ఒక సంగతి చెప్పి ఊరుకునేవారు. ఉచితంగా వచ్చేదానికి అంతకన్నా ఏం ఆశిస్తామని మాలో మేము నవ్వుకునేవాళ్ళం. ఒక సాయంత్రం ఆయన కోర్టు నుంచి వచ్చి కోటు విప్పుతుండగా, మాలో అందరికన్నా కొత్తవాడు శేషగిరి అడిగాడు.

"గురువుగారూ, తండ్రి కూతురికి పెళ్ళిలో పసుపు కుంకుమల కింద నోటిమాటగా పొలం ఇచ్చాడు. దస్తావేజు లేదు. అది ఇచ్చినట్టా, ఇవ్వనట్టా?"

"నువ్వు చదివిన చట్టం ఏమంటుంది?"

"ఇవ్వనట్టేనండి. రిజిస్టరు కాని దానం చెల్లదు."

"నేనూ పున్నయ్యకు అదే చెప్పాను," అంటూ ఆయన కుర్చీలో కూర్చున్నారు. తరవాత చెప్పిన సంగతి ఇది.

పల్నాటి రైతు పున్నయ్య సొంత అక్క అంకమ్మ మీద దావా వేశాడు. ఆమె పెళ్ళినాడు తండ్రి పదిమంది ఎదుట ఒక చేను చూపించి, ఇది నీదమ్మా అన్నాడు. ఆనాటి నుంచి ఆమే సాగు చేసుకుంటోంది. శిస్తు మాత్రం తండ్రి పేరు మీదే కడుతోంది. భర్త పోయాక ఆమె బతకడానికి ఆధారం ఆ చేనొక్కటే. తండ్రి కన్నుమూశాడు, ఆ వైపుకు కాలువ నీళ్ళు వచ్చి చేను ధర పెరిగింది, కాగితమేదని బావమరుదులు పున్నయ్యను ఎగదోశారు. పున్నయ్య చెడ్డవాడు కాడు. నలుగురు చెప్పింది వినే రకం, అంతే. అలాంటి వాళ్ళ వల్ల జరిగే చెరుపు తక్కువేమీ కాదనుకోండి.

కాగితం లేదు, పట్టా తండ్రి పేరున ఉంది, కేసు గెలిచినట్టే. వాయిదా నాటి పొద్దున అవధాని గారు కోర్టు వరండాలో పున్నయ్య చేత సర్వే నంబరు వల్లె వేయించారు. ఆ వైపు రైతులకు చేల పేర్లే గాని నంబర్లు నోటికి రావు. బోను ఎక్కించాక ఆయన అడిగారు.

"నువ్వు దావా వేసిన భూమి ఏది?"

పున్నయ్య జడ్జిగారికి దణ్ణం పెట్టి, ధైర్యంగా, "అక్క చేనండి," అన్నాడు.

జడ్జిగారు కలం ఆపారు. "ఎవరి చేను?"

"మా అక్క... అంటే దాని పేరే అదండి. ఊళ్ళో అంతా అట్టాగే అంటారండి. నేనూ అట్టాగే అంటానండి."

కోర్టంతా గొల్లుమంది. "నంబరు చెప్పవయ్యా," అని అవధాని గారు గద్దించారు. పున్నయ్య నీళ్ళు నమిలాడు. మొహం కందిపోయింది. జనం నవ్వేకొద్దీ వాడికి ఉన్న కాస్త జ్ఞాపకమూ పోయింది.

అప్పుడు వెనక బల్ల మీద నుంచి అంకమ్మ లేచింది. "రెండొందల పద్నాలుగు రా, అబ్బయ్యా. రెండొందల పద్నాలుగు బై మూడు. తొందరపడబాక."

జడ్జిగారు బల్ల చరిచారు. "నువ్వు ప్రతివాదివి కదమ్మా! నీ మీద సాక్ష్యం చెప్పేవాడికి నువ్వే అందిస్తావా?"

"తప్పే, అయ్యగారూ," అంది ఆమె చేతులు జోడించి. "పదిమందిలో నిలబెడితే వాడికి చిన్నప్పుడూ ఇంతేనండి, నోట మాట రాదు. వాణ్ణట్టా చూడలేకపోయాను."

పున్నయ్య ఆ నంబరు చెప్పలేదు. బంట్రోతు అడ్డుపడుతున్నా ఆగకుండా బోను దిగి, అక్క పక్కన కూలబడి, కండువాలో మొహం పెట్టుకుని ఏడ్చాడు. ఆమె వాడి వీపు నిమురుతూ, "ఊరుకోరా, అందరూ చూస్తన్నారు," అంటూ తనూ ఏడ్చింది. అంతసేపూ నవ్విన వాళ్ళు ఎవరి కాగితాలు వాళ్ళు చూసుకున్నారు. దావా ఎత్తేశారు. ఆ వారంలోనే పున్నయ్య అక్క పేర దస్తావేజు రాయించి రిజిస్టరు చేయించాడు. రాసింది అవధాని గారే.

శేషగిరికి తృప్తి కలగలేదు. "అయితే గురువుగారూ, ఆ చేను ఆమెదయింది రిజిస్టరయిన రోజు నుంచే కదండీ?"

"చట్టం ప్రకారం ఆ రోజు నుంచే," అన్నారు అవధాని గారు. "కాని సంతకం పెట్టే ముందు పున్నయ్య నన్నొక మాట అడిగాడు. 'ఇందులో దానం అని రాశారేంటండీ? నాది కానిదాన్ని నేనెట్టా దానం చేస్తానండీ?' అన్నాడు. నువ్వు చట్టం కొత్తగా చదివావు, వాడికేం చెప్పాలో చూసి చెప్పు నాయనా."