కోటిరెడ్డి గారి పాస్‌వర్డు

మరిచిపోయిన పాస్‌వర్డును కనిపెట్టి ఇచ్చే ప్రోగ్రాం ఒకటి, కంప్యూటర్లు కొత్తగా వచ్చిన రోజుల్లో ముక్తేశ్వరరావు గారు రాసి, అడిగినవాళ్ళందరికీ ఉచితంగా పంచారు. దానివల్ల గట్టెక్కినవాళ్ళున్నారు, దాంతో దొంగతనాలు చేసినవాళ్ళూ ఉన్నారు. గుంటూరులో ఆయన దగ్గర నెట్‌వర్క్ భద్రత నేర్చుకుంటున్న రుక్సానాకు అదే బెంగ. ఆమె కూడా ఏడాదిపాటు కష్టపడి ఒకటి రాసింది. మనవాళ్ళ దేవుళ్ళ పేర్లు, పిల్లల పేర్లు తీసుకుని, పక్కన బండి నంబర్లు చేర్చి పాస్‌వర్డు ఊహిస్తుంది అది.

“బయటపెట్టమంటారా సార్, చెరిపేయమంటారా?” అని అడిగింది ఒకనాడు.

ఆయన జవాబు చెప్పేలోగా ల్యాప్‌టాప్ చంకన పెట్టుకుని కోటిరెడ్డి గారు వచ్చారు. రక్తపరీక్షల ల్యాబ్ ఆయనది. పోట్లాడి మానేసిన ఆపరేటరు రోగుల రిపోర్టులకు పాస్‌వర్డు పెట్టి పోయాడట. గురువుగారి పాత ప్రోగ్రాం, ఆయన టీ చల్లారకముందే వాటిని తెరిచింది. కోటిరెడ్డి గారు రెండు చేతులూ ఎత్తి దండం పెట్టారు.

“ఇక చూడండి, ఎవడి తరమూ కానిది పెడతా,” అంటూ అక్కడే కొత్త పాస్‌వర్డు పెట్టుకున్నారు.

“అమ్మా, నీ ప్రోగ్రామూ ఓసారి చూద్దాం,” అన్నారు ముక్తేశ్వరరావు గారు. “రెడ్డిగారూ, మీ చేత్తోనే నొక్కండి.”

ఆయన నవ్వుతూ నొక్కారు. కాసేపటికి ఆయన ఇలవేల్పు పేరూ, పక్కనే ఆయన బండి నంబరూ తెరమీద కనిపించాయి. నవ్వు ఆగిపోయింది.

“ఎవరు రాశారిది?”

“నేనేనండి,” అంది రుక్సానా.

“చదువుకున్న పిల్లవి, ఇదేం పనమ్మా! ముందు నిన్ను లోపలెయ్యాలి.”

రుక్సానా తల దించుకుంది. తన ప్రశ్నకు జవాబు దొరికిందనుకుంది.

కోటిరెడ్డి గారు గొణుక్కుంటూనే మళ్ళీ కూర్చున్నారు. చాలాసేపు ఆలోచించారు. మీటల మీద కండువా కప్పి, దాని కింద వేళ్ళు కదిపారు. తర్వాత ఎవరూ చెప్పకుండానే రుక్సానా ప్రోగ్రాం మళ్ళీ నొక్కారు. అది ఎంతసేపు తిరిగినా ఏమీ చెప్పలేకపోయింది. ల్యాప్‌టాప్ మూసి, ఆమె వైపు చూడకుండా వెళ్ళిపోయారు.

“విన్నారుగా సార్. చెరిపేస్తాను,” అంది రుక్సానా.

ముక్తేశ్వరరావు గారు చల్లారిన టీ అందుకున్నారు.

“నాకు దండం పెట్టి, బండి నంబరు పెట్టుకున్నారమ్మా ఆయన. నిన్ను తిట్టాక, మీటల మీద కండువా కప్పి మరీ గట్టిది పెట్టుకున్నారు.”