దరింకా మూట కట్టిన పాటలు

అనగనగా, ఇక్కడికి చాలా దూరాన, సెర్బియా అనే దేశంలో, కొండల నడుమ ఒక ఊరుందిట కన్నా. చలికాలం మంచు కురిస్తే ఆ ఊరి గడపలు కూడా కనపడవుట. ఆ ఊళ్ళో దరింకా అని ఒక పిల్ల పుట్టింది.

పుట్టిన కొన్నాళ్ళకే వాళ్ళమ్మ జ్వరమొచ్చి పోయింది. నాన్న గొర్రెలు తోలుకుని కొండెక్కితే పొద్దుగూకాకే దిగేవాడు. మరి పసిగుడ్డుకి పాలెవరిస్తారు? ఊళ్ళో బాలింతలందరూ ఇచ్చారు. పొద్దున ఒకమ్మ, మధ్యాహ్నం ఒకమ్మ, సాయంత్రం ఇంకొకమ్మ. పాలిస్తూ ఎవరి పాట వాళ్ళు పాడేవారు. అందరికంటే ఎక్కువ పాడింది పక్కింటి పెరూనికా. దరింకా ఆవిణ్ణి పెద్దమ్మా అని పిలిచేది.

ఆ తర్వాత దరింకా పెద్దదయింది. పట్నంలో చదువుకుంది. బళ్ళో పంతులమ్మ అయింది. కవిత్వం కూడా రాసేది. పత్రికల్లో పేరు అచ్చయ్యేది.

అప్పుడు ఒకనాడు పెరూనికా పెద్దమ్మ పోయిందని కబురొచ్చింది. దరింకా పరుగున ఊరికి వెళ్ళింది. మట్టిలో పెట్టి వచ్చాక, పెద్దమ్మ జోలపాట ఒకసారి పాడుకుందామనుకుంది. సగం దాకా వచ్చింది. తక్కిన సగం గుర్తురాలేదు. ఇంటింటికీ వెళ్ళి అడిగింది. అది పెద్దమ్మ సొంతంగా కట్టుకున్న పాటట. ఇంకెవరికీ రాదు.

దరింకాకి దుఃఖం ముంచుకొచ్చింది. ఎంతమంది పాలు తాగాను, ఎంతమంది పాటలు విన్నాను, ఒక్కటీ దాచుకోలేకపోయానే అనుకుంది. ఇక ఉన్నవాళ్ళ దగ్గరైనా పాటలూ కథలూ నేర్చుకుని రాసిపెట్టాలని బయల్దేరింది.

మొదట గోధుమ చేలకి వెళ్ళింది. కోతల పాటలు పాడమంది. అక్కడి ఆడవాళ్ళు నవ్వి, ఊరికే నిలబడితే పాట రాదమ్మా, కొడవలి పట్టుకో అన్నారు. పట్టుకుంది. వేలు తెగింది. వేలికి గుడ్డ చుట్టుకుని మరీ వాళ్ళతో కోసింది, వాళ్ళతో పాడింది.

ఆ తర్వాత ఒక ముసలి గొర్రెలకాపరి దగ్గరికి వెళ్ళింది. ఆయన, నువ్వొక కథ చెబితే నేనొకటి చెబుతానన్నాడు. సరేనని దరింకా మొదలుపెట్టింది. సగంలోనే తాత గురకపెట్టాడు. మెలకువొచ్చాక మాత్రం మాట తప్పలేదు. సూర్యుడి పెళ్ళి కథ చీకటిపడేదాకా చెప్పాడు.

ఆ తర్వాత కొండమీది గూడెంలో స్తానియా అనే ఆవిడ దగ్గరికి వెళ్ళింది. స్తానియాకి ఒక్కడే కొడుకు, వెలిమీర్. వాడికి మీసాలొస్తున్నాయి, ఇంకేం, పెళ్ళి చేస్తానని ఇప్పట్నుంచే పెళ్ళిపాటలు పాడుకునేది. అమ్మ పాడుతుంటే వాడు సిగ్గుపడి కట్టెలు కొట్టే నెపంతో పెరట్లోకి పోయేవాడు. ఆ పాటలన్నీ దరింకా రాసుకుంది. వెళ్ళేటప్పుడు స్తానియా ఉన్నిమేజోళ్ళు అల్లి ఇచ్చింది.

అలా ఊరూరా తిరిగింది. కాగితాలు పెద్ద మూటయ్యాయి.

అంతలో యుద్ధం వచ్చింది కన్నా. శత్రువులు ఊళ్ళ మీద పడ్డారు. జనం ఇళ్ళు వదిలి మంచుకొండలు దాటి పారిపోయారు. దరింకా కూడా నడిచింది. పెట్టె వదిలేసింది. దుప్పట్లు వదిలేసింది. పాటల మూట మాత్రం వదల్లేదు.

దారిలో ఒక మధ్యాహ్నం గాలివాన లాగా మంచు విసిరికొట్టింది. ఎదురుగా గొర్రెలకాపర్ల పాక ఒకటి కనిపిస్తే అందులో దూరింది. అక్కడ ఒక తల్లి చంటిబిడ్డతో కూర్చుని ఉంది. బిడ్డ ఏడవడం లేదు. పెదాలు నీలంగా అయిపోయాయి. పొయ్యిలో కట్టెలున్నాయి గానీ తడిసి ముద్దయ్యాయి, అంటుకోవడం లేదు.

దరింకా బిడ్డని చూసింది. మూటని చూసింది. అప్పుడు మూట ముడి విప్పింది.

ఒక్కో కాగితం తీసి, అందులో పాటుంటే పాడి, కథుంటే చెప్పి, పొయ్యిలో పెట్టింది. కోతల పాట కాలింది. సూర్యుడి పెళ్ళి కాలింది. స్తానియా పెళ్ళిపాటలు కాలాయి. కాసేపటికి కట్టెలు ఆరి చిటపటలాడాయి. పాక వెచ్చబడింది. బిడ్డ కదిలాడు. ఆ తర్వాత కేరుమని ఏడ్చాడు. ఆ ఏడుపు విని వాళ్ళమ్మ నవ్వింది.

దరింకా కూడా నవ్వింది. నిజం చెప్పాలంటే, నవ్వి, గోడవైపు తిరిగి ఏడ్చింది కూడా. అన్నేళ్ళ కష్టం కదా తల్లీ మరి.

యుద్ధం అయిపోయింది. దరింకా ఉత్త చేతులతో తిరిగొచ్చింది. మళ్ళీ అడగడానికి మొహమాటపడింది. అయినా చేల దగ్గరికి వెళ్ళి జరిగింది చెప్పింది. కోసేవాళ్ళు మునుపటికంటే తక్కువమంది ఉన్నారు. వాళ్ళు అంతా విని, బిడ్డ బతికాడుగా, పాటలదేముంది, మా నోళ్ళు ఇక్కడే ఉన్నాయి అన్నారు. మళ్ళీ పాడారు. గొర్రెలకాపరి తాత లేడు. ఆయన కోడలు రొట్టె కాలుస్తూ ఆ సూర్యుడి పెళ్ళి కథే చెప్పింది, తాత గొంతుతోనే.

ఆ తర్వాత స్తానియా ఇంటికి వెళ్ళింది. స్తానియా చావు జరిగినింటివాళ్ళలా తలకి నల్ల గుడ్డ కట్టుకుని గుమ్మంలో కూర్చుని ఉంది. వెలిమీర్ యుద్ధానికి వెళ్ళి తిరిగి రాలేదు. ఎక్కడ పడిపోయాడో కూడా ఎవరికీ తెలియదు. ఆ రోజు నుంచి స్తానియా పాడటం లేదు.

దరింకా పాటల మాటే ఎత్తలేదు. అక్కడే ఉండిపోయింది. నీళ్ళు మోసింది. గొర్రెలకి మేత వేసింది. మొక్కజొన్న రొట్టెలు కాల్చి పక్కన కూర్చుని తినిపించింది.

మంచు కరిగింది. ఒకనాడు ఇద్దరూ వాగులో ఉన్ని ఉతుకుతున్నారు. చేతులు నీళ్ళలో ఉండగానే స్తానియా పాట ఎత్తుకుంది. పెళ్ళిపాట కాదు. కొడుకు పేరు పెట్టి పిలుస్తూ పాడే ఏడుపు పాట. వాడి మీసాలు, వాడి సిగ్గు, వాడు కొట్టి పేర్చిన కట్టెలు, అన్నీ అందులో ఉన్నాయి. దరింకా కదలకుండా విన్నది. పాట అయ్యాక మెల్లిగా అడిగింది.

"పిన్నీ, ఇది రాసుకోనా?"

స్తానియా ఉన్ని పిండి రాతి మీద ఆరేసింది.

"రాసుకో అమ్మాయీ. వాడి పేరు మాత్రం మార్చకు."

ఆ తర్వాత దరింకా పాటలన్నీ పట్నం తీసుకెళ్ళి పుస్తకం వేయించింది. ప్రతి పాట కిందా పాడినవాళ్ళ పేరూ, వాళ్ళ ఊరూ రాసింది. అచ్చు వేసేవాడు, ఇన్ని పేర్లెందుకమ్మా, అట్ట మీద మీ పేరుందిగా అన్నాడు. అప్పుడు దరింకా, నన్ను పెంచింది ఒక్కరు కాదు బాబూ అంది. తన పేరు చిన్న అక్షరాల్లో వేయించి, దాని కింద "వీళ్ళందరి దయ" అని పెట్టించింది.

మొదటి పుస్తకం పట్టుకుని కొండెక్కింది. స్తానియాకి చదువు రాదు. పుస్తకం ఒళ్ళో పెట్టుకుని, వాడి పేరెక్కడుందో చూపించమంది. దరింకా ఆవిడ వేలు పట్టుకుని ఆ అక్షరాల మీద పెట్టింది. స్తానియా ఆ పేరుని, చంటిపిల్లాడి మూతి తుడిచినట్టు, నెమ్మదిగా నిమిరింది.

"వాడికి సమాధి అయినా లేదు. ఎక్కడికెళ్ళి కూర్చుని వాడితో మాట్లాడాలో ఇన్నాళ్ళూ తెలియలేదు," అంది. "ఇప్పుడు తెలిసింది. నీ కడుపు చల్లగా ఉండాలి తల్లీ."

దరింకా వంగి ఆవిడ చేతులు కళ్ళకద్దుకుంది. ఆ తర్వాత కడవ తీసుకుని వాగుకి బయల్దేరింది, తల్లీకొడుకులు కాసేపు మాట్లాడుకుంటారని. వెనకనుంచి స్తానియా గొంతు వినిపిస్తూనే ఉంది. ఆ ఏడాది గొర్రెలు ఎన్ని ఈనాయో, పైకప్పు ఎక్కడ కారుతోందో, అన్నీ కొడుక్కి చెబుతోంది.

పాడినమ్మ చల్లగా, రాసినమ్మ చల్లగా,
పాకలోని పాపడు పదికాలాలు చల్లగా,
కథ నడిచె కంచికి, కునుకు నడిచె కంటికి,
కళ్ళు మూయి బంగారూ, మనం పోదాం ఇంటికి.