సాగరమాత పల్లకీ

అనగనగా చాలా దూరాన, తూర్పు సముద్రపు ఒడ్డున, చీనా దేశంలో ఓ రేవు పట్నం. అక్కడ తావో మతపు అర్చకులు కొలిచే సాగరమాత గుడి ఉండేది. ఎర్రని స్తంభాలు, కప్పు మీద మెలికలు తిరిగిన డ్రాగన్లు. తుఫానులో చిక్కినవాళ్ళను ఒడ్డు చేర్చే తల్లి ఆమె.

కానీ పడవల్లోనే పుట్టి, పడవల్లోనే బతికేవాళ్ళను ఆ గుడి గడప దాటనిచ్చేవారు కారు. పాపం, వాళ్ళు నీళ్ళ మీద నుంచే దణ్ణం పెట్టుకునేవారు. సూయున్ ఆ పడవవాళ్ళ పిల్ల.

ఏటా జాతరనాడు తల్లిని పల్లకీలో ఒడ్డుకు తెచ్చి, ఆమె ఎదుట పడవల పందెం పెట్టేవారు. గెలిచినవాళ్ళు ఎవరైనా సరే, పల్లకీకి ముందు భుజం ఇచ్చి గుడిలోకి మోసుకెళ్ళాలి. తాను గెలిస్తే తనవాళ్ళకు ఆ గడప తెరుచుకుంటుందని సూయున్ ఆశ.

మొదటి ఏడు తెడ్డు విరిగింది. రెండో ఏడు ఎదురుగాలి వెనక్కి నెట్టింది. మూడో ఏడు ఆమె పడవ అందరికన్నా ముందు దూసుకుపోతోంది.

అంతలో వెనక నుంచి కేక! గావ్ రెన్ అనే వర్తకుడి కొడుకు అడ్డదారిన రాళ్ళ మధ్యకు పోయాడు. పడవ బోల్తా పడింది. పొద్దున రేవులో "చేపల కంపు గుడికెక్కుతుందట!" అని సూయున్‌ను చూసి నవ్వినవాడు అతనే. పందెంలోనే ఉన్న ఓడల యజమాని ఫెంగ్ అతన్ని చూసీ చూడనట్టు పక్కనుంచి పోయాడు.

సూయున్ వెనక్కి తిరిగి చూసింది. ఒడ్డు ఎదురుగా కనిపిస్తోంది.

"ఆగకే అమ్మడూ! ఇవాళ వదిలితే మనకిక గుడి లేదు!" అని అరిచాడు అదే పడవలో తెడ్డు వేస్తున్న ఆమె బాబాయి.

"మునిగేవాళ్ళను తీయడం ఆ తల్లి పని, బాబాయ్. ఆమె పని వదిలేసి ఆమె పల్లకీ ఎలా మోస్తాను?" అంటూ సూయున్ చుక్కాని తిప్పేసింది. రాళ్ళ మధ్యకు పోయి గావ్ రెన్‌ను తన పడవలోకి లాగింది.

ఫెంగ్ గెలిచాడు. మీసం దువ్వుతూ పల్లకీకి భుజం పెట్టాడు. కదలలేదు. ఎనిమిదిమంది వస్తాదులను పిలిచాడు. ఊహూఁ, కదలలేదు. మోకులు కట్టి లాగించాడు. మోకులు తెగాయి గానీ పల్లకీ కదలలేదు. పోటు నీళ్ళు దాని కాళ్ళదాకా వచ్చేశాయి. జనం భయంతో గొల్లుమన్నారు.

ముసలి అర్చకుడు చేయెత్తి అడిగాడు. "ఇవాళ తల్లి పని చేసిందెవరు?"

తడిబట్టలతో గావ్ రెన్ ముందుకొచ్చాడు. "ఈమే స్వామీ! పొద్దున నేను చూసి నవ్విన పిల్లే గెలుపు వదులుకొని నా ప్రాణం నిలిపింది."

"పడవవాళ్ళు గడప దాటడమా!" అని గొణిగారు ఊరి పెద్దలు.

"నేను మునుగుతుంటే ఈమె నా పుట్టుక అడిగిందా?" అన్నాడతను. పెద్దలు తల దించుకున్నారు.

సూయున్ కళ్ళు మూసుకొని, తల్లికి మొక్కి, భుజం పెట్టింది. పల్లకీ పూలబుట్టలా లేచింది! గావ్ రెన్ పరుగున వచ్చి వెనక భుజం పట్టాడు.

గంటలు మోగాయి, టపాకాయలు పేలాయి. సూయున్ గడప దాటింది. ఆమె వెనకే బాబాయి, ఆ వెనక పడవలన్నీ ఖాళీ చేసుకొని ముసలీ ముతకా, చంటిబిడ్డలతో తల్లులూ. అందరితో గుడి నిండిపోయింది.

పిల్లలూ, ఆపదలో ఉన్నవాళ్ళకు చేయందించేవాళ్ళే దేవుడికి అందరికన్నా దగ్గరివాళ్ళు.