కాపలా కూలి

ఒకానొక రాజ్యంలో, పేరు చెబితే అక్కడివాళ్లు నా మీదికి కర్రలు తీసుకొస్తారు గనక చెప్పను, ప్రచండభూపతి అని ఒక రాజుగారుండేవారు. తీర్పు చెప్పడంలో తనంతటివాడు లేడని ఆయన నమ్మకం. నమ్మితే నమ్మారు, తీర్పంటూ చెప్పాలా వద్దా? చెప్పరు. మీసం దువ్వుకుని "విచారిద్దాం" అంటారు, లేచి భోజనానికి వెళ్లిపోతారు.

ఆ ఊళ్లో గానుగ ఆడించుకునే అప్పలస్వామి అప్పు తీర్చకుండానే కాలం చేశాడు. దివాణం వాళ్లు వచ్చి అతని గానుగనీ ఎద్దునీ వేలం వేశారు. మంచి ధరే పలికింది. అప్పు పోగా మిగిలింది అతని పెళ్లాం సూరమ్మకు రావాలి. ఇందులో పెద్ద ధర్మసూక్ష్మం ఏడ్చిందా, చెప్పండి? కానీ అప్పిచ్చిన కామిశెట్టి, తీర్పు రోజు దాకా వడ్డీ లెక్క కడితే ఆ డబ్బంతా నాకే చాలదన్నాడు. వేలం పాడించిన అధికారి, డప్పు కొట్టించింది నేను, నా వాటా మాటేమిటన్నాడు. రాజుగారు విచారిద్దామన్నారు.

పైగా రాజుగారి చట్టం ఒకటి, రాతి మీద చెక్కించి మరీ పెట్టారు. తగవులో ఉన్న సొత్తు తీర్పయ్యేదాకా ఖజానాలో ఉండాలట. వాయిదా పడ్డప్పుడల్లా కాపలా కూలి అందులోంచే తీసుకోవాలట. ఇంకేముంది, డబ్బు వాయిదా వాయిదాకీ కరిగిపోతోంది.

వేలంలో పాడుకున్న ఆసామి మాత్రం మంచివాడు. నువ్వులు కోతకొచ్చేలోగా డబ్బు తెస్తే గానుగ తిరిగిచ్చేస్తాను, ఆపైన ఆగలేను, విప్పి కలప అమ్ముకుంటానని సూరమ్మకు చెప్పాడు. చేలల్లో నువ్వుకాయ ముదురుతోంది. దివాణం చుట్టూ తిరిగి తిరిగి, సూరమ్మ ఆస్థాన విదూషకుడు తాతంభొట్లు ఇంటి అరుగు మీద కూలబడింది.

"నీకేమీ రాదు పొమ్మన్నా బాగుండును బాబయ్యా. ఏ కూలికో పోదును," అంది.

తాతంభొట్లుకి ఒళ్లు మండిపోయింది.

మర్నాడు రాజుగారికి ఆవపెట్టిన పనసపొట్టు కూర వండారు. ఆ కూరంటే ఆయనకు ప్రాణం. ఆకులో అన్నం వడ్డించారో లేదో, తాతంభొట్లు ముగ్గుర్ని వెంటబెట్టుకుని వచ్చాడు. కాయ నాది గనక కూర నాదే అన్నాడు తోటమాలి. పొట్టు కొట్టిన చెయ్యి నాది, ఇంకెవణ్ణయినా అంత సన్నగా కొట్టమనండి అన్నాడు రెండోవాడు. ఆవ పెట్టకపోతే అది కూరే కాదన్నాడు వంటవాడు.

"తగవులో పడ్డ సొత్తు ప్రభూ," అని తాతంభొట్లు కూరగిన్నె ఎత్తి భటుడి చేతికిచ్చాడు. "తమరి చట్టమే."

రాజుగారు మీసం దువ్వుకున్నారు. అలవాటు ఊరుకుంటుందా, "విచారిద్దాం" అనేశారు. అన్నదే తడవు, భటుడు కాపలా కూలి కింద ఒక గరిటె కూర తిన్నాడు. తోటమాలి సాక్షుల్ని తెస్తానంటే వాయిదా పడింది, ఇంకో గరిటె పోయింది. రెండోవాడు తన కత్తి తెచ్చి చూపిస్తానంటే మళ్లీ వాయిదా, మళ్లీ గరిటె. భటుడు సిగ్గు విడిచి కాస్త అన్నం కూడా అడిగాడు. రాజుగారి ఆకులో అన్నం చల్లారిపోతోంది, గిన్నెలో అడుగు కనబడుతోంది.

రాజుగారు పీట మీంచి లేచిపోయారు. "ఇక చాలు. కాయకి ధర, చేసిన పనికి కూలి వీళ్ల మొహాన కొట్టి పంపండి. మిగతా కూర నాది. కాపలా కాసేవాడు తినడమేమిటయ్యా? వీడు తిన్నదంతా కక్కించండి."

"ఇది తీర్పేనా ప్రభూ?"

"ముమ్మాటికీ తీర్పే."

తాతంభొట్లు వెంటనే కోశాధికారిని పిలిపించాడు. "రాజుగారి తీర్పు వినండి. కామిశెట్టికి అసలూ, వేలం నాటిదాకా వడ్డీ. అధికారికి డప్పు కూలి. మిగతాదంతా సూరమ్మది. ఇన్నాళ్లూ కాపలా పేరుతో ఖజానా తిన్నది కూడా అందులో కలపాలి. కక్కించమని ఏలినవారే సెలవిచ్చారు."

రాజుగారి మొహం కందగడ్డయింది. "నా తిండి దగ్గరా నీ వేషాలు?" అని గద్దించారు.

"ఒక్క పూటకే ఏలినవారికి ప్రాణం విసిగింది," అన్నాడు తాతంభొట్లు. "ఆ సూరమ్మ ఉగాది నుంచీ ఇలాగే కూర్చుంది ప్రభూ."

రాజుగారు తన ఆకు వంక చూసుకున్నారు, మూతి తుడుచుకుంటున్న భటుడి వంక చూశారు. కోపం నిలవలేదు. పొట్ట పట్టుకుని నవ్వారు. సూరమ్మ డబ్బు ఆ పూటే ఇప్పించి, ఆ చట్టం రాయిని పీకించేశారు. గానుగ కలప పాలు కాకుండా ఆమె ఇల్లు చేరింది.

తాతంభొట్లు తెలివికి మెచ్చి, ఖజానా నుంచి బంగారు కడియం తెప్పించి తొడుగుతామన్నారు రాజుగారు.

"ఖజానా నుంచి వద్దు ప్రభూ," అన్నాడు తాతంభొట్లు. "నా దాకా వచ్చేసరికి అది ఉంగరమై కూర్చుంటుంది. తమ చేతికున్నదే ఇప్పించండి."

రాజుగారు నవ్వుతూనే తన కడియం తీసి ఇచ్చారు.