పదమూడు రోజుల ఊరు

నది ఒడ్డున ఒక ఊరుంది. అందులో సగం మంది సెర్బులు, సగం మంది రుమేనియన్లు. ఇద్దరికీ క్రిస్మస్ ఉంది కానీ ఒకే రోజు కాదు. రుమేనియన్ల పండగ ముందు వస్తుంది, సెర్బులది పదమూడు రోజుల తర్వాత. ఎవరి పంచాంగం వాళ్లది.

ఆ ఊళ్లో ఒక కట్టుబాటు ఉంది. తమ పండగనాడు ఎవరూ ఏ పశువుల పాకలోనూ అడుగు పెట్టకూడదు. రుమేనియన్ల పండగనాడు సెర్బులు వచ్చి వాళ్ల పశువులకు మేత వేసి, పాలు పితికి గడప దగ్గర పెట్టి వెళతారు. సెర్బుల పండగకు రుమేనియన్లు అదే పని చేస్తారు. తాతలు గొడవపడి మాటలు మానేసిన ఏళ్లలో కూడా పాలు మాత్రం గడప దగ్గరికి వచ్చేవి.

ఒక ఏడు నది అవతలి పట్నం నుంచి కొత్త అధికారి వచ్చాడు. చెడ్డవాడు కాదు, అన్నీ చక్కబెట్టే పిచ్చి ఉన్నవాడు. ఒక ఊరికి రెండు పండగలేమిటన్నాడు. ఎవరికీ అన్యాయం జరగకూడదని, రెండింటికీ ఇంచుమించు నడుమనున్న రోజును పట్టుకుని, ఇకనుంచి అదే అందరి పండగ అని ఆజ్ఞ రాశాడు. కాదన్నవాళ్ల చర్చికి తాళం పడుతుంది. అమలు చూడ్డానికి తనే గుర్రమెక్కి వచ్చి ఊళ్లో బస చేశాడు.

రుమేనియన్ల రోజు ఉత్త రోజుగా గడిచిపోయింది. ఆ సాయంత్రం ఊరంతా కూడింది. ఎదురు తిరుగుదామని కొందరన్నారు. భర్త పోయిన ఒక రుమేనియన్ పెద్దావిడ వద్దంది. ఆజ్ఞను తు.చ. తప్పకుండా పాటిద్దాం, అందరికీ పండగంటే అందరికీ పండగే అంది. ఆమెకున్నది ఒక్క ఆవు, అది నేడో రేపో ఈనేలా ఉంది. ఏటా ఆమె పాకలో పని చేసేది పక్కింటి సెర్బు కమ్మరి. అతను దిగులుగా చూశాడు.

“అక్కా, ఆ రోజే ఈనితే?”

“ఈననీ. నువ్వు మాత్రం కంచె దాటకు.”

ఆ రోజు వచ్చింది. రెండు చర్చిల గంటలూ ఒక్కసారే మోగాయి. అందరూ కొత్త బట్టలు కట్టుకుని ఇళ్లలో కూర్చున్నారు. పొద్దెక్కేసరికి పాకల్లో అరుపులు మొదలయ్యాయి. అధికారి ఒక సెర్బు ఇంటికి వెళ్లి తన గుర్రానికి మేత అడిగాడు. పండగండీ, రుమేనియన్లను అడగండి అన్నారు. అక్కడికి వెళితే, మాకూ పండగేనండీ అన్నారు. ఎవరూ వెటకారం చేయలేదు. అందుకే అతనికి మరింత మండింది.

మధ్యాహ్నానికి పెద్దావిడ ఆవుకు నొప్పులొచ్చాయి. దూడ అడ్డం తిరిగిందని అరుపు వినగానే ఆమెకు తెలిసిపోయింది. రెండుసార్లు లేచి, రెండుసార్లు కూర్చుంది. ఏడుపు ఆపుకోలేదు, పట్టూ విడవలేదు. కంచె అవతల కమ్మరి పిడికిళ్లు బిగించి నిలబడ్డాడు. అరుపులకు అధికారి పరుగున వచ్చి, చూస్తూ కూర్చున్నారేమని కసిరాడు.

“ఇవాళ ఈ ఊళ్లో పండగ లేనిది మీ ఒక్కరికే, దొరగారూ” అంది పెద్దావిడ.

అతను కోటు విప్పి కంచె మీద వేశాడు. ఎలా పట్టాలో, ఎప్పుడు లాగాలో కమ్మరి కంచె అవతల నుంచే చెప్పాడు. దూడ బతికింది, తల్లీ బతికింది. అధికారి అక్కడితో ఆగలేదు. చీకటి పడేదాకా పాక పాకకూ తిరిగి నీళ్లు పెట్టాడు. చివరికి పెద్దావిడ గడప దగ్గర జున్నుపాల చెంబు పెట్టి వెనుదిరిగాడు.

“మీ పండగ ఏ రోజు, బాబూ?” అని ఆమె అడిగింది.

ఆ మాట అతన్ని అడిగినవాళ్లు ఇన్నేళ్లలో ఎవరూ లేరు. అతనిది వేరే మతం. వేసవిలో వచ్చే ఒక రోజు చెప్పాడు. అమ్మ పోయాక చేసుకోలేదన్నాడు.

మర్నాడు అతను పట్నం వెళ్లిపోయాడు. వారం తిరక్కముందే సెర్బుల పండగ వచ్చింది, వాళ్ల గడపల దగ్గరికి పాలూ వచ్చాయి. ఏ చర్చికీ తాళం పడలేదు.

వేసవిలో తను చెప్పిన ఆ రోజు తెల్లవారగానే అధికారి తన గుర్రపుశాల తలుపు తీశాడు. నేల ఊడ్చి ఉంది. తొట్టి నిండా నీళ్లున్నాయి. గుర్రం పచ్చగడ్డి నములుతోంది. దూరంగా నది మీద ఒక పడవ ఆ ఊరి వైపు పోతోంది, అందులో ఇద్దరున్నారు.

అతను లోపలికి అడుగు వేయబోయి, గడప దగ్గరే ఆగిపోయాడు.