ఒక గొడుగు, రెండు జతల పావుకోళ్ళు

"చిన్ని వానా, చిన్ని వానా, వంతెన దాకా తోడు రా..."

ఆ తర్వాతి ముక్క తొమొయెకి ఎప్పుడూ గుర్తురాదు. చిన్నప్పుడు అమ్మ చెయ్యి పట్టుకుని నడిపిస్తూ పాడేది. ఇప్పుడు అమ్మా లేదు, ఆ వంతెనా లేదు. యుద్ధం రెంటినీ తీసుకుపోయింది. పని చేసుకుంటూ ఆ ఒక్క ముక్కే కూనిరాగం తీస్తుంటే, గురువు కుమెజిరో "తర్వాతేమిటమ్మాయ్?" అని అడిగేవాడు.

"తెలీదు గురువుగారూ" అనేది.

వాళ్ళ పని కూడా వింతైనదే. టోక్యోలో ఒక సినిమా స్టూడియో. తెరమీద బొమ్మ ఆడుతుంటే ఈ ఇద్దరూ చీకట్లో కూర్చుని దానికి చప్పుళ్ళు పుట్టించేవాళ్ళు. వెదురు బుట్టలో గింజలు అటూ ఇటూ దొర్లిస్తే సముద్రం. విసనకర్రకి పూసలు కట్టి ఊపితే వాన. హాల్లో కూర్చున్నవాళ్ళకి బుట్టా తెలీదు, విసనకర్రా తెలీదు. ఒళ్ళు తడిసినట్టే ఉంటుంది!

అప్పుడు తీస్తున్న సినిమాతో కుమెజిరో పని మానేస్తున్నాడు. ఆయన చోటు తొమొయెకి ఇవ్వాలా, బయటినుంచి ఎవర్నయినా తేవాలా అన్నది ఒక్క సీనుతో తేలాలి.

ఆ సీనులో ఓ కుర్రాడు, ఓ పిల్ల. ఒకరంటే ఒకరికి ప్రాణం. కుర్రాడు ఎక్కడో బొగ్గుగనిలో పనికి పోతున్నాడు. వానలో ఒకే గొడుగు కింద స్టేషను దాకా నడుస్తారు. పైనుంచి తీశారేమో, గొడుగు తప్ప మనుషులు కనిపించరు. నోటమాట లేదు. అంతా అడుగుల చప్పుడే చెప్పాలి.

తొమొయె చెక్క పావుకోళ్ళు వేసుకుని ముందు పిల్ల అడుగులు నడిచింది. తర్వాత బరువైన జత వేసుకుని కుర్రాడివి నడిచింది. రెండూ కలిపి వినిపించారు.

డైరెక్టరు మొహం చిట్లించాడు. "వీళ్ళు ప్రేమించుకున్నవాళ్ళా? ఒకే ఊరికి పోతున్న బాటసారుల్లా ఉన్నారు. రేపు పొద్దున మళ్ళీ వింటాను. అప్పటికీ ఇంతే అయితే వేరే మనిషిని చూసుకుంటాను."

ఆయన వెళ్ళాక తొమొయె గురువు ముందు కూలబడింది. "నేనెవర్నీ ప్రేమించలేదు గురువుగారూ. ప్రేమించినవాళ్ళు ఎలా నడుస్తారో మీరైనా చెప్పండి."

"ఆకలేస్తోంది. టోఫూ కొట్టుదాకా వెళ్ళొద్దాం పద."

"ఇప్పుడా?"

"ఇప్పుడే వేస్తోంది మరి."

బయట తుంపర. ఎవరి గొడుగు వాళ్ళది. తొమొయె గబగబా నడిచి ప్రతి మలుపు దగ్గరా నిలబడేది. మోకాలు నొప్పితో కాలీడ్చుకుంటూ ఆయన వచ్చి కలిసేవాడు.

"ఏం తాతా, శిష్యురాలు పరిగెత్తిస్తోందా?" అని నవ్వాడు సోయాపాల జున్ను ముక్కలు కోస్తున్న కొట్టువాడు.

"మేం వచ్చేలోపు నీ టోఫూ కరిగిపోతుందని దాని భయం."

తిరిగి బయల్దేరేటప్పుడు కుమెజిరో తన గొడుగు కొట్టులోనే వదిలేశాడు. "రేపు పట్టుకెళ్తాలే" అన్నాడు. కొట్టువాడు బయట పడుతున్న వానకేసి, ఆయనకేసి చూశాడు.

టోఫూ గిన్నె ఆయన చేతిలో, ఉన్న ఒక్క గొడుగూ తొమొయె చేతిలో. సగం దారిలో ఆమె చెవి తన పావుకోళ్ళ మీద పడింది. టక్... టక్. లేచిన కాలు దిగడానికి ముందు కొంచెం ఆగుతోంది. పక్కన ఈడ్చే కాలు వచ్చేదాకా ఆగి, అప్పుడు దిగుతోంది. దానికెవరు చెప్పారు?

తొమొయె నిలబడిపోయింది.

"ఏమైందే?"

"ఏం లేదు. మీరు నడవండి గురువుగారూ. నేను వింటాను."

స్టూడియోకి రాగానే బరువైన పావుకోళ్ళ జత తెచ్చి ఆయన ముందు పెట్టింది.

"నాకా? నా మోకాలి సంగతి తెలీదూ?"

"తెలుసు. అందుకే."

మర్నాడు డైరెక్టరు వాళ్ళిద్దరూ కలిసి నడిచిన అడుగుల్ని కళ్ళు మూసుకుని విన్నాడు. "కుర్రాడు కాలీడుస్తున్నాడేమిటి?"

"అతనికి వెళ్ళాలని లేదండీ" అంది తొమొయె.

ఆయన మళ్ళీ కళ్ళు మూసుకున్నాడు. "ఇంకోసారి వేయండి" అన్నాడు. రెండోసారీ విని, లేచి వెళ్తూ, "వేరే మనిషి అక్కర్లేదు" అన్నాడు.

కుమెజిరో ఆఖరిసారి స్టూడియో గేటు దాటిన రోజు కూడా తుంపరగానే ఉంది. ట్రాము దాకా వస్తానని తొమొయె గొడుగు విప్పింది. ఆయన వద్దని తల ఊపి, తన గొడుగు తను విప్పుకున్నాడు.

"నీ పాటలో తర్వాతి ముక్క గుర్తొచ్చిందా?"

"లేదు గురువుగారూ."

ఆ తర్వాత వాళ్ళు మళ్ళీ కలవలేదు. ఆయన ఆమెతో అన్న చివరి మాట ఇదీ:

"గుర్తున్నంతవరకే పాడుకుంటూ లోపలికి నడు తల్లీ. నేనిక్కడ నిలబడి వింటాను."